గడ్చిరోలి జిల్లా జనాభా, పరిపాలన: సిరోంచ నుంచి చూస్తే కనిపించే లెక్క

1. ప్రాణహిత ఒడ్డు (సిరోంచ)

అందరికీ నమస్కారం. నేను మహారాష్ట్రలోని గడ్చిరోలి జిల్లా దక్షిణపు కొసన, తెలంగాణకు ఎదురుగా ఉన్న సిరోంచలో ఆన్‌లైన్ దరఖాస్తులు నింపే చిన్న కేంద్రం నడుపుతున్నాను. కుల ధ్రువపత్రం కావలసినవారు, సాత్‌బారా (భూమి వివరాల పత్రం) నకలు కావలసినవారు, రేషన్ కార్డులో కొత్త కోడలి పేరు ఎక్కించాలనుకునేవారు ముందుగా నా బల్ల దగ్గరికే వస్తారు. వారిలో ఎక్కువ మంది తెలుగులో చెబుతారు, నేను మరాఠీలో నింపుతాను. ఈ పనిలో పడినప్పటి నుంచి నన్ను తొలుస్తున్న ప్రశ్నను ఇక్కడ పెడుతున్నాను.

2011 జనగణనలో గడ్చిరోలి జిల్లా జనాభా 10,72,942. అంతకు పదేళ్ల ముందు 9,70,294. విస్తీర్ణం 14,412 చదరపు కిలోమీటర్లు కాబట్టి చదరపు కిలోమీటరుకు 74 మంది పడతారు. మహారాష్ట్ర మొత్తానికి ఆ సంఖ్య 365. రాష్ట్రపు నేలలో నూటికి దాదాపు అయిదు వంతులు మా జిల్లాదే అయినా, రాష్ట్రపు జనంలో నూటికి ఒక వంతు కూడా మేము లేము. మా తాలూకాకు బ్యాంకు శాఖ అడిగినా, స్త్రీల వైద్యురాలిని అడిగినా, సాయంత్రం పూట ఇంకొక బస్సు అడిగినా వచ్చే జవాబు ఒకటే: అక్కడ జనం తక్కువ. జనం తక్కువన్న మాట నిజమే. అయితే జనం పలుచగా ఉన్నచోట కార్యాలయం దూరమవుతుందన్న సంగతి ఆ 74లో ఎక్కడా కనిపించదు. జిల్లా కేంద్రం మాకు రెండు వందల కిలోమీటర్లకు పైమాటే. మనుషులను జిల్లా మొత్తం మీద లెక్కించి, సేవలను కూడా ఆ లెక్క ప్రకారమే పంచడం సబబేనా? తెలిసినవారు చెప్పగలరు.

2. విశ్రాంత తలాఠీ (అహేరి)

తమ్ముడూ, అడగవలసిన ప్రశ్నే అడిగావు. నేను అహేరి, సిరోంచ తాలూకాల్లో తలాఠీగా, అంటే ఊళ్ల భూమి లెక్కలు చూసే రెవెన్యూ ఉద్యోగిగా పనిచేసి పదవీ విరమణ చేశాను. నది అవతలి మిత్రుల కోసం ముందుగా మా అంచెలు చెబుతాను, ఎందుకంటే తెలంగాణ మండలంతో మా తాలూకాను పోల్చుకుంటే లెక్క మొదట్లోనే తప్పుతుంది. మా తాలూకా ఒక్కొక్కటి కొన్ని మండలాలు కలిపినంత ఉంటుంది. జిల్లాలో 12 తాలూకాలు, 6 ఉపవిభాగాలు ఉన్నాయి. తాలూకాకు తహసీల్దారు, ఆయన కింద మండల అధికారి (సర్కిల్ అధికారి), ఆయన కింద తలాఠీ. తలాఠీ చూసే ఊళ్ల గుంపును సాజా అంటారు. ఊళ్లో కోత్వాలు (తలాఠీకి సాయపడే ఊరి సేవకుడు), పోలీస్ పాటిల్ (ఊరి శాంతిభద్రతలు చూసేవాడు) ఉంటారు. ఇది మహసూల్, అంటే రెవెన్యూ వరుస. జిల్లా పరిషత్తు, పంచాయతీ సమితి, గటవికాస్ అధికారి (బీడీఓ), గ్రామసేవకుడు (పంచాయతీ కార్యదర్శి) మరొక వరుస. అది 1962 మే 1 నుంచి నడుస్తోంది. అటవీ శాఖది మూడో వరుస. వీటికి తోడు ఆదివాసీ ప్రకల్ప్ (ఆదివాసీ అభివృద్ధి ప్రాజెక్టు) కార్యాలయాలు గడ్చిరోలి, అహేరి, భామ్రాగఢ్‌లలో మూడున్నాయి. సిరోంచ అహేరి కిందికి వస్తుంది.

ఒక గోండు రైతు తాను దున్నుతున్న అడవి భూమికి పట్టా కావాలంటే 2006 నాటి అటవీ హక్కుల చట్టం ప్రకారం గ్రామసభ తీర్మానం చేయాలి, అది ఉపవిభాగ కమిటీకి వెళ్లాలి, అక్కడి నుంచి జిల్లా కమిటీకి వెళ్లాలి. కాగితం మూడు మెట్లు ఎక్కుతుంది. కాగితం వెంట మనిషి కూడా తిరగవలసి వస్తుందని చట్టంలో రాయలేదు కానీ, తిరగకపోతే కాగితం కదలదని నా అనుభవం.

ఇక సగటు సంగతి. 2011లో చామోర్శి తాలూకాలో సుమారు 1,79,000 మంది ఉంటే, భామ్రాగఢ్ తాలూకాలో 36,000 మందే ఉన్నారు. సిరోంచలో 74,000 మందికి పైగా ఉన్నారు. ఈ మూడింటినీ ఒకే జిల్లా సగటులో కలిపితే చామోర్శి పొలాలూ భామ్రాగఢ్ అడవీ ఒకే రంగులోకి వచ్చేస్తాయి. వానాకాలంలో పర్లకోట నది పొంగి భామ్రాగఢ్ దారి మునిగినప్పుడు అక్కడి 36,000 మందికి జిల్లా కేంద్రం ఎన్ని కిలోమీటర్లన్న ప్రశ్నకే అర్థం ఉండదు.

3. సాంఖ్యిక విద్యార్థి (వరంగల్)

మా మేనత్తగారిది అసరెల్లి కాబట్టి ఆ దారులు నాకు కొంత తెలుసు. అయినప్పటికీ ఒక అభ్యంతరం చెప్పక తప్పదు. 74 అన్నది తప్పు సంఖ్య కాదు, దాన్ని వాడే తీరు తప్పు కావచ్చు. జిల్లా నేలలో నాలుగింట మూడు వంతులకు పైగా అడవి. అడవిని తీసివేసి మనుషులు నివసించే, సాగుచేసే నేల మీదనే లెక్కిస్తే సాంద్రత ఎన్నో రెట్లు పెరుగుతుంది. అందువల్ల గడ్చిరోలిలో జనం అంతటా పలుచగా పరుచుకుని ఉన్నారనడం కన్నా, చిన్న చిన్న గుంపులుగా, గుంపుకూ గుంపుకూ మధ్య చాలా ఎడంగా ఉన్నారనడం సరైనది. పరిపాలనకు కష్టం కలిగించేది ఈ ఎడమే.

ఇంకొక మాట. సేవలన్నీ తలల లెక్క మీదనే పంచుతున్నారనడం పూర్తిగా నిజం కాదు. ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి మైదాన ప్రాంతంలో 30,000 జనాభా ప్రమాణమైతే, కొండ, ఆదివాసీ ప్రాంతాల్లో 20,000. ఉపకేంద్రానికి అక్కడ 5,000, ఇక్కడ 3,000. అంటే దూరం సంగతి ప్రభుత్వానికి తెలియకపోలేదు.

4. ఆరోగ్య కార్యకర్త (ఆలపల్లి)

తెలియకపోలేదు, నిజమే. మూడు వేల మంది అన్న మాటను మా నర్సమ్మ కాలినడకతో కొలిచి చూడండి. మైదానంలో మూడు వేల మంది ఒకటి రెండు ఊళ్లలో ఉంటారు. ఏటపల్లి, భామ్రాగఢ్ వైపు మూడు వేల మంది కావాలంటే ఊళ్లు, వాటి టోలాలు (శివారు గూడేలు) ఎన్నో కలపాలి. వాటి నడుమ వాగులుంటాయి. ప్రమాణాన్ని 5,000 నుంచి 3,000కు తగ్గించినవారు మనుషులను తగ్గించారు గానీ నడకను తగ్గించలేదు.

ఇక్కడే ఒక మంచి ఉదాహరణ కూడా ఉంది. డాక్టర్ అభయ్ బంగ్, డాక్టర్ రాణి బంగ్ ఈ జిల్లాలోనే 39 ఊళ్లలో గ్రామ స్త్రీలకు తర్ఫీదు ఇచ్చి, అప్పుడే పుట్టిన బిడ్డలను ఇంటి దగ్గరే చూసుకునే పద్ధతిని నడిపారు. శిశు మరణాలు బాగా తగ్గాయని 1999లో వెలువడిన వారి పరిశోధన చూపింది. తరువాత ఆశా కార్యకర్తల పనిలో ఆ పద్ధతి దేశమంతటా చేరింది. ఆసుపత్రిని ప్రతి ఊరికీ తేలేనప్పుడు ఆసుపత్రి పనిలో కొంత భాగాన్ని ఊరిలోనే ఉండే మనిషికి అప్పగించారు. మహసూల్ కార్యాలయాలు కూడా ఈ దారిలో ఆలోచిస్తే నష్టమేమిటి?

5. అంకీస మాస్టారు

చర్చ మంచి దారిలో ఉంది. పాత సంగతులు కొన్ని చేరుస్తాను, ఎందుకంటే మా సిరోంచ ఎప్పుడూ ఇలా చివరి తాలూకా కాదు. 1860లో నిజాం గోదావరి ఎడమ ఒడ్డున ఉన్న భాగాలను ఇంగ్లీషువారికి వదులుకున్న తరువాత ఎగువ గోదావరి జిల్లా ఏర్పడింది. దానికి సిరోంచే కేంద్రం. అంత మారుమూలలో జిల్లా కేంద్రం పెట్టడానికి కారణం నది. ఆర్థర్ కాటన్ తలపెట్టిన జలమార్గం నెరవేరి ఉంటే వార్ధా వైపు పత్తి పడవల మీద గోదావరి గుండా సముద్రానికి చేరేది. దుమ్ముగూడెం, ఇచ్చంపల్లి, దేవలమర్రి దగ్గర నదిలో రాతి అడ్డులున్నాయి. వాటిని తప్పించడానికి ఆనకట్ట, కాలువ, లాకులు మొదలుపెట్టారు. ఖర్చు పెరిగింది, రైలు వచ్చింది, 1871లో పనులు ఆపేశారు. జలమార్గం పోయాక జిల్లా కూడా నిలవలేదు. 1874లో దాన్ని రద్దు చేసి, సిరోంచ వైపు భాగాన్ని చాందా (నేటి చంద్రపూర్) జిల్లాలో కలిపారు, సిరోంచ తహసీలుగా మిగిలింది.

గడ్చిరోలి తహసీలు అయినదే 1905లో. అంటే ఒకప్పుడు జిల్లా కేంద్రంగా ఉన్న ఊరు, తాను ఆ హోదా పోగొట్టుకున్న ముప్పై ఏళ్లకు పుట్టిన తహసీలు పేరిట 1982 ఆగస్టు 26న ఏర్పడిన జిల్లాలో ఇప్పుడు ఆఖరి కొసగా ఉంది. మధ్యలో 1907లో చెర్ల, ఆల్బాక, నూగూరు ప్రాంతాలను మా తహసీలు నుంచి విడదీసి మద్రాసుకు ఇచ్చారు. ఆ ఊళ్లవారు నేడు తెలంగాణలో తెలుగు పాలనలో ఉన్నారు. మేము మహారాష్ట్రలో తెలుగు అల్పసంఖ్యాకులమయ్యాము. మా తాతలూ వారి తాతలూ ఒకే కచేరీకి శిస్తు కట్టినవారే. మనుషులు కదలలేదు, గీత కదిలింది.

6. చాందా మిత్రుడు (చంద్రపూర్)

మాస్టారు చెప్పినదాన్ని బట్టి పరిష్కారం కూడా అక్కడే ఉందనిపిస్తోంది. అహేరి కేంద్రంగా వేరే జిల్లా కావాలన్న కోరిక చాలా కాలంగా ఉంది. అహేరి, సిరోంచ, ఏటపల్లి, భామ్రాగఢ్, ముల్చేరా తాలూకాలు ఐదూ కలిసి ఇప్పటికే ఒక శాసనసభ నియోజకవర్గం. అహేరిలో అపర జిల్లాధికారి (అదనపు కలెక్టరు) కార్యాలయం కూడా ఉంది. సగం జిల్లా ఎలాగూ ఏర్పడింది కాబట్టి మిగిలిన సగాన్ని పూర్తి చేయమని అడగడంలో అత్యాశ ఏమీ లేదు.

7. పర్లాకిమిడి వాడు (గజపతి జిల్లా, ఒడిశా)

మహారాష్ట్ర సంగతులు నాకు అంతగా తెలియవు గానీ, చిన్న జిల్లాలో బతకడమంటే ఏమిటో తెలుసు. 1992 అక్టోబరు 2న గంజాం నుంచి విడదీసి మా గజపతి జిల్లాను చేశారు. 2011లో జనాభా 5,77,817, విస్తీర్ణం 4,325 చదరపు కిలోమీటర్లు, అంటే మీ జిల్లాలో మూడో వంతు కూడా లేదు. బ్లాకులు ఏడు. జనంలో సగానికి పైగా, నూటికి 54 మంది, ఆదివాసులు. అక్షరాస్యత 53 శాతం దగ్గర ఉంది. ఇంత చిన్న జిల్లాలో దూరం సమస్య తీరిపోయి ఉండాలి. తీరలేదు. కారణం జిల్లా కేంద్రం ఉన్న చోటు. పర్లాకిమిడి జిల్లాకు దక్షిణపు అంచున ఉంది. మహేంద్రతనయ నది దాటితే ఆంధ్రప్రదేశ్‌లోని పాతపట్నమే. మా తెలుగువారికి, గొసాని, కాశీనగరం వైపువారికి కలెక్టరు కచేరీ పెరటిలో ఉన్నట్టే ఉంటుంది. ఉత్తరాన మోహన బ్లాకులో ఉన్న సవర, కంధ కుటుంబాలకు మాత్రం కొండలు దాటి రావలసిన దూరమే మిగిలింది. అక్కడివారికి బరంపురం బజారు దగ్గర, పర్లాకిమిడి కచేరీ దూరం.

నేను తెలుగువాడిని కాబట్టి నాకు లాభించిన గీత ఇది. అయినా ఒప్పుకోవలసిన విషయం ఒప్పుకోవాలి. గిడుగు రామమూర్తి పంతులుగారు సవర భాష నేర్చుకుని సవర పిల్లలకు వారి మాటలోనే చదువు చెప్పించాలని పూనుకున్నది మా ఊళ్లో ఉండగానే. ఆ దృష్టి తరువాతి కచేరీలకు రాలేదు. మీరు కొత్త జిల్లా అడిగేటప్పుడు జిల్లా ఎంత పెద్దదని కాకుండా, కేంద్రం ఎవరి పెరటిలో పడుతుందని ముందుగా అడగండి.

8. ప్రాణహిత ఒడ్డు

పర్లాకిమిడి వారూ, చాలా విలువైన మాట చెప్పారు. మా దగ్గరా అదే సందేహం. అహేరి జిల్లా అయినా సిరోంచకు అది దాదాపు వంద కిలోమీటర్లు. రెండు వందల కన్నా వంద మేలే. కానీ అప్పుడు కూడా మేము చివరి తాలూకాగానే ఉంటాము.

9. సాంఖ్యిక విద్యార్థి

రెండు సంగతులు గుర్తు చేయాలి. మొదటిది, ఆ అయిదు తాలూకాల 2011 జనాభా కలిపితే మూడున్నర లక్షలకు కాస్త ఎక్కువ అవుతుంది. మహారాష్ట్రలో అతి తక్కువ జనాభా ఉన్న జిల్లా సింధుదుర్గ్. దాని జనాభాయే ఎనిమిదిన్నర లక్షలు. అందులో సగం కూడా లేని జిల్లాను అడుగుతున్నారు కాబట్టి, జనాభా కొలబద్దతో ఈ వాదన ఎప్పటికీ గెలవదు. దూరాన్ని కొలబద్దగా ఒప్పించగలిగితేనే గెలుస్తుంది.

రెండోది, సమయం. జనగణన కోసం 2025 డిసెంబరు 31తో జిల్లాల, తాలూకాల, గ్రామాల సరిహద్దులను స్తంభింపజేశారు. ఇళ్ల జాబితా దశ 2026 ఏప్రిల్, సెప్టెంబరు నెలల మధ్య, మనుషుల లెక్క 2027 ఫిబ్రవరిలో. లెక్క ముగిసేదాకా కొత్త గీత గీయడానికి వీల్లేదు. కాబట్టి ఇప్పుడున్న గీతల లోపల మనల్ని ఎలా లెక్కిస్తారన్నదే చేతిలో ఉన్న పని.

10. అంకీస మాస్టారు

విద్యార్థి చెప్పినది సరైనది. భాష విషయంలో ఆ గీత ఎంత పని చేస్తుందో చెబుతాను. భాషా అల్పసంఖ్యాకుల రక్షణల కింద కేంద్రం, రాష్ట్రాలు ఒప్పుకున్న పద్ధతి ప్రకారం, ఒక అల్పసంఖ్యాక భాష మాట్లాడేవారు జిల్లాలో గానీ, తాలూకా, పురపాలక సంఘం వంటి చిన్న ప్రాంతంలో గానీ 15 శాతం లేదా అంతకు మించి ఉంటే, ముఖ్యమైన ప్రకటనలు, నియమాలు ఆ భాషలో కూడా ఇవ్వాలి. జిల్లాలో 60 శాతం లేదా అంతకు మించి ఉంటే ఆ భాషను రెండో అధికార భాషగా ప్రకటించడాన్ని పరిశీలించాలి. బడిలో తరగతికి 10 మంది గానీ, బడి మొత్తానికి 40 మంది గానీ పిల్లలుంటే మాతృభాషలో ప్రాథమిక విద్య ఏర్పాటు చేయాలి.

ఇప్పుడు గడ్చిరోలి జిల్లా మొత్తాన్ని తీసుకుంటే తెలుగువారు మరాఠీ, గోండీ, మాడియా, బెంగాలీ, ఛత్తీస్‌గఢీ మాట్లాడేవారి మధ్య ఒక పాయ మాత్రమే. సిరోంచ తాలూకాను తీసుకుంటే బజారులో మరాఠీ వినబడాలంటే కార్యాలయాల వీధికి వెళ్లాలి. జనం మారలేదు, లెక్క కట్టే హద్దు మారింది, దానితో హక్కు మారింది. జనగణన వారి సి-16 అనే మాతృభాషల పట్టిక తాలూకా స్థాయి దాకా ఉంటుంది. అర్జీ పెట్టేవారు జిల్లా వరుసను కాకుండా తాలూకా వరుసను జత చేయాలి. చాలా అర్జీలు ఈ ఒక్క పొరపాటు వల్లనే వెనక్కి వచ్చాయని నా అభిప్రాయం.

11. ధర్మాబాద్ నుంచి (నాందేడ్ జిల్లా)

మాస్టారి మాటకు మా వైపు నుంచి ఒక చేదు నిజం జోడిస్తాను. తాలూకా వరుసలో తెలుగు ఎంత ఉందన్నది మనం చెప్పినదాని మీదనే ఆధారపడుతుంది. మా నాందేడ్ జిల్లాలో గానీ, మీ చంద్రపూర్, గడ్చిరోలిలలో గానీ ఇంటిపేరు చివర ‘వార్’ ఉన్న కుటుంబాలు లెక్కలేనన్ని. అది మన ‘వారు’ అన్న మాటే. ఇంట్లో అమ్మమ్మ తెలుగు, అమ్మ సగం తెలుగు, పిల్లలు మరాఠీ. లెక్క రాసే ఉపాధ్యాయుడు మరాఠీలో అడిగితే మరాఠీలో జవాబిచ్చి, మాతృభాష దగ్గర కూడా మరాఠీ అనేస్తారు. జనగణన నిర్వచనం ప్రకారం మాతృభాష అంటే బాల్యంలో తల్లి ఆ మనిషితో మాట్లాడిన భాష. తల్లి పసితనంలోనే పోయి ఉంటే బాల్యంలో ఇంట్లో ప్రధానంగా మాట్లాడిన భాష. ఇప్పుడు మీరు బాగా మాట్లాడే భాష కాదు, బడిలో చదివిన భాష అంతకన్నా కాదు. తెలిసిన ఇతర భాషలు రెండు రాయడానికి వేరే గడి ఉంటుంది. మరాఠీకి అక్కడ చోటుంది.

మహారాష్ట్రలో 2011లో తెలుగు మాతృభాషగా చెప్పినవారు సుమారు 13 లక్షలు. ఇందులో వడారి మాట్లాడేవారు కూడా ఉన్నారు, ఎందుకంటే జనగణన వారు వడారిని తెలుగు శీర్షిక కిందనే చేరుస్తారు. రాళ్లు కొట్టే వడ్డెరలు పుణె దాకా వెళ్లి మన సంఖ్యను మోస్తున్నారు. మేడల్లో ఉన్న మనవాళ్లు మాత్రం మరాఠీ అని రాయించుకుంటున్నారు.

కులం సంగతి ఇంకా చిక్కైనది. 2027లో కులాన్ని కూడా లెక్కిస్తారు. మా వైపు మన్నేర్‌వార్లు అన్నది కోలాం పేరుతో పాటు షెడ్యూల్డు తెగల జాబితాలో ఉన్న పేరు. మున్నూరు కాపులను మున్నూర్‌వార్ అంటారు. పలికితే రెండూ దగ్గర, చట్టంలో ఆకాశానికీ భూమికీ ఉన్నంత దూరం. ఈ పేర్ల పోలిక మీద ఎన్ని కుటుంబాలు ధ్రువపత్ర పరిశీలన కమిటీల చుట్టూ ఏళ్ల తరబడి తిరిగాయో నాకు తెలుసు. కొందరు నిజమైనవారు, కొందరు కారు.

12. విశ్రాంత తలాఠీ

ధర్మాబాద్ వారు కదిపిన విషయంలో నాది ముప్పై ఏళ్ల చాకిరీ కాబట్టి కొంత వివరంగా చెబుతాను. 1976 దాకా తెగల గుర్తింపుకు కూడా తాలూకా గీతే ఆధారం. విదర్భలో చాందా జిల్లా గడ్చిరోలి, సిరోంచ తహసీళ్ల వంటి కొన్ని చోట్ల ఉన్న గోండు షెడ్యూల్డు తెగవాడు, ఆ గీత దాటి ఉన్న అతని మేనబావ కాడు. 1976 సవరణ చట్టం ఈ ప్రాంత పరిమితిని తీసేసింది. 1981 లెక్కలో మహారాష్ట్ర ఆదివాసుల సంఖ్య ఒక్కసారిగా పెరగడానికి ఒక కారణం ఇదే. ఆ పెరుగుదలను చూసి దొంగ ఆదివాసులు చేరారని అనేవారు, చేరిన మాట కొంత నిజమే. అయితే గీత చెరిగిన సంగతి కూడా చెప్పాలి.

మా తాలూకాలో తెలుగు కుటుంబాలకు వచ్చే పెద్ద చిక్కు పాత నివాసం. షెడ్యూల్డు కులమైతే 1950 ఆగస్టు 10, షెడ్యూల్డు తెగైతే 1950 సెప్టెంబరు 6, విముక్త, సంచార జాతులైతే 1961 నవంబరు 21, ఓబీసీ అయితే 1967 అక్టోబరు 13. ఆ తేదీ నాటికి కుటుంబం మహారాష్ట్రలోని ఈ నేల మీద ఉన్నట్టు కాగితం చూపాలి. నదికి రెండు ఒడ్డులా వియ్యమందుకునే మా మనుషుల్లో తాత అటు, నాయనమ్మ ఇటు. 1950లో అవతలి ఒడ్డు హైదరాబాద్ రాష్ట్రం. పడవ దాటి వచ్చి ఇక్కడ కౌలుకు చేసినవాడికి అప్పుడు ఎవరు రసీదు ఇచ్చారు?

పని జరగాలంటే మూడు చోట్ల వెతకండి. మొదటిది కోత్వాల్ పుస్తకం నకలు. పుట్టుకలు, చావులు ఊరి కోత్వాలు రాయించిన ఆ పాత నమోదుల్లో కులం కూడా ఉంటుంది. రెండోది బడిలోని దాఖల్ ఖారిజ్ రిజిస్టరు, అంటే చేరిన, విడిచిన పిల్లల పుస్తకం. మూడోది 1954-55 నాటి అధికార అభిలేఖ్ పంజీ, అంటే భూమి హక్కుల నమోదు పుస్తకం. అందులో తాత పేరు ఒక అక్షరం తేడాతో ఉన్నా బెదరవద్దు. ఎల్లయ్య యల్లా అయ్యాడు, మల్లయ్య మల్లా అయ్యాడు. రాసినవాడు మరాఠీ గుమాస్తా, చెప్పినవాడు తెలుగు రైతు. వంశవృక్షం ప్రమాణపత్రంతో ఆ తేడాను సరిచేయించవచ్చు. నేను ఉద్యోగంలో ఉన్నప్పుడు ఒక కార్యాలయంలో ఇదే తేడా చూపి ఒక పిల్లవాడి దరఖాస్తును మూడు సార్లు తిప్పి పంపారు. నాలుగోసారికి కళాశాల ప్రవేశాలు ముగిశాయి.

13. జివతి కొండల నుంచి

మీరంతా గీత దూరమైనందుకు బాధపడుతున్నారు. మా దగ్గర రెండు గీతలు ఒకే ఊరి మీద పడ్డాయి. చంద్రపూర్ జిల్లా జివతి తాలూకా, తెలంగాణ ఆసిఫాబాద్ జిల్లా కెరమెరి మండలం మధ్య ఉన్న 14 ఊళ్ల సంగతి వినే ఉంటారు. 1956కు ముందు మా రాజురా తాలూకా ఆదిలాబాద్ జిల్లాలో ఉండేది. అటు నుంచి నాందేడ్‌లో కలిపి, 1959లో చాందాకు ఇచ్చారు. ఆ మార్పిడిలో కొండ మీది ఊళ్లను రెండు వైపులా తమవే అనుకున్నారు. ఇవి మహారాష్ట్రవేనని 1997 నాటికి న్యాయస్థానాల్లో తేలినా, తెలంగాణ వైపు పంచాయతీలు ఆగలేదు. ఇద్దరు సర్పంచులు, రెండు బడులు, రెండు రేషన్ కార్డులు, రెండు ఓట్లు. బయటివారు దీన్ని అదృష్టమంటారు. మాకు లేనిది మాత్రం పొలం పట్టా. రెండు రాష్ట్రాలకు ఓటరు కావలసి వచ్చినంతగా రైతు కావలసి రాలేదు.

14. కమలాపూర్ దాదా (అహేరి తాలూకా)

నేను గోండును. తెలుగు కూడా మాట్లాడతాను, మా ఇంట్లో రెండూ నడుస్తాయి. ఇంతసేపు చదివాక ఒక్క మాట చెప్పాలనిపించింది. సిరోంచ తాలూకా తెలుగువారిదన్నట్టు రాస్తున్నారు. అది అనుసూచిత (షెడ్యూల్డు) ప్రాంతం. జిల్లా జనాభాలో నూటికి 38 మందికి పైగా ఆదివాసులం. మీరు బజారు వీధిని చూసి తాలూకాను లెక్కిస్తున్నారు. టోలాల్లోకి వస్తే లెక్క వేరు.

2014 జూన్ 9న గవర్నరు ప్రకటనతో తలాఠీ, గ్రామసేవకుడి వంటి కొలువులు అనుసూచిత ప్రాంతంలో స్థానిక ఆదివాసులకే అన్నప్పుడు మీ వైపు పెద్ద ఆందోళనలు జరిగాయి. జిల్లా స్థాయి కొలువుల్లో ఓబీసీ వాటా చాలా ఏళ్లు 6 శాతమే ఉండటం మీకు కష్టమేనని ఒప్పుకుంటాను, దాన్ని తరువాత పెంచారు కూడా. కానీ మాడియా రాని తలాఠీ మా పెద్దవాళ్ల ముందు కూర్చుని రాసుకున్నదాంట్లో ఎంత తప్పో విశ్రాంత తలాఠీ గారికే తెలుసు. తెలుగు రైతు పేరు మరాఠీ గుమాస్తా చేతిలో చెడిందని బాధపడ్డారు కదా, మాడియా రైతు పేరు తెలుగు గుమాస్తా చేతిలో కూడా చెడింది.

15. విశ్రాంత తలాఠీ

దాదా, నీ మాట కాదనలేను. నేను మాడియా నేర్చుకున్నది ఉద్యోగంలో చేరిన ఆరేళ్లకు. అంతకు ముందు రాసిన ఫేర్‌ఫార్‌లలో (భూమి పేరు మార్పిడి నమోదుల్లో) ఎన్ని పేర్లు నా చేత తప్పుపడ్డాయో నాకే తెలియదు.

16. ఆరోగ్య కార్యకర్త

దాదా గారికి ఒక ప్రశ్న. మీ ఇంట్లో గోండీ, తెలుగు రెండూ నడుస్తాయన్నారు. మాతృభాష గడిలో ఏది రాయిస్తారు?

17. కమలాపూర్ దాదా

మా అమ్మ నన్ను గోండీలోనే తిట్టేది. నిర్వచనం ప్రకారం నాకు గోండీ. నా భార్య మాదారం వైపు నుంచి వచ్చింది, ఆమెకు తెలుగు. పిల్లలకు ఆమె తెలుగులో మాట్లాడింది కాబట్టి వారికి తెలుగే రాయాలి. ఒకే ఇంట్లో రెండు మాతృభాషలు రాయవచ్చా అన్నది మాస్టారు చెప్పాలి.

18. అంకీస మాస్టారు

రాయవచ్చు. మాతృభాష మనిషికి, ఇంటికి కాదు. ప్రతి మనిషికీ వేర్వేరుగా అడగాలి. ఇంటి పెద్దది రాసి మిగిలినవారికి అదే దించేయడం లెక్క రాసేవారిలో కనిపించే అలవాటు. ఎవరైనా అలా చేస్తే మర్యాదగా ఆపి, ఒక్కొక్కరిదీ చెప్పండి. ఈసారి ఆన్‌లైన్‌లో స్వయంగా నింపుకునే వీలు కూడా ఉంది కాబట్టి తొందరపెట్టే మనిషి లేకుండా కూర్చుని నింపుకోవచ్చు.

19. ప్రాణహిత ఒడ్డు

అందరికీ కృతజ్ఞతలు. నేను అడిగినది దూరం గురించి, ఇక్కడ దొరికినది అంతకన్నా ఎక్కువ. నా కేంద్రానికి వచ్చేవారి కోసం ఈ వారంలో ఒక కాగితం తయారు చేస్తున్నాను. ఒక వైపు తెలుగులో, మరొక వైపు గోండీలో ఉంటుంది. మాతృభాష నిర్వచనం, ఇతర భాషల గడి, ఒక్కొక్కరికీ వేరుగా రాయించుకోవాలన్న సూచన, పాత నివాసానికి వెతకవలసిన మూడు పుస్తకాల పేర్లు మాత్రమే అందులో పెడతాను. గోండీ వైపు మాటలను దాదా గారు సరిచూడాలి. నకళ్ల ఖర్చు నేను చూసుకుంటాను. అసరెల్లి, అంకీస వైపు పంచే పని మాస్టారిది. ఏటపల్లి దారిలో ఎవరైనా ఉంటే ఇక్కడ రాయండి, ఆలపల్లి బస్సులో కట్ట పంపిస్తాను.